ఇంటి రుణం - దాని అసలు ఖరీదు

 



కొన్ని వారాల క్రితం అస్ర్ నమాజు ముగిసిన తరువాత ఒక సోదరుడు వెళ్ళకుండా మా దగ్గర ఆగిపోయారు. ఆటోనగర్‌లో చిన్న షెడ్డు నడుపుకునే కష్టజీవి. చొక్కా జేబులో నుండి నాలుగు మడతలు పెట్టిన బ్యాంకు కాగితం తీసి మా చేతిలో పెట్టారు. "హజ్రత్, ఐదేళ్ళుగా ఒక్క నెల కూడా తప్పకుండా కిస్తు కట్టాను. మొత్తం పదిహేను లక్షల అరవై వేలు అయ్యింది. తీసుకున్నది ముప్పై లక్షలు. సగమైనా తీరి ఉండాలి కదా! ఇందులో ఇంకా ఇరవై ఆరు లక్షల నలభై మూడు వేలు బాకీ అని ఉంది. ఎక్కడో పొరపాటు జరిగినట్లుంది, కాస్త చూడండి" అన్నారు.

మగ్రిబ్ అజాన్ అయ్యేవరకు మేమిద్దరం ఆ కాగితాన్ని ముందు పెట్టుకుని లెక్క వేశాము. పొరపాటు ఎక్కడా లేదు. బ్యాంకు లెక్క పైసాతో సహా సరిగ్గానే ఉంది. ఆ లెక్క ఎలా నడుస్తుందో సంతకం పెట్టిన రోజున ఆ సోదరునికి తెలియదు. నిజం చెప్పాలంటే, అంతవరకు మాకూ అంత వివరంగా తెలియదు.

వడ్డీ నిషిద్ధమన్న మాట మీరు ఈ మింబర్ పైనుండి ఎన్నోసార్లు విని ఉన్నారు. అది ఒక కుటుంబం జీవితంలో ఇరవై ఏళ్ళపాటు ఏ విధంగా పనిచేస్తుందో అంకెలతో సహా చెప్పుకోవడం మాత్రం అరుదు. ఈ రోజు ఆ పని చేద్దాము. లెక్క తేలికగా ఉండేందుకు వడ్డీ రేటు మధ్యలో మారలేదని అనుకుందాము.

ఫ్లాటు ధర 40 లక్షలు. చేతి డబ్బు 10 లక్షలు, రుణం 30 లక్షలు. వడ్డీ సంవత్సరానికి 8.5 శాతం, గడువు 20 సంవత్సరాలు. నెలసరి కిస్తు 26,035 రూపాయలు అవుతుంది. మొదటి నెలలో ముప్పై లక్షలపై వడ్డీ 21,250 రూపాయలు. కట్టిన కిస్తులో నుండి ముందుగా ఇది తీసివేయబడుతుంది. అసలుకు జమ అయ్యేది మిగిలిన 4,785 రూపాయలు మాత్రమే. మొదటి సంవత్సరమంతా కలిపి 3,12,000 పైచిలుకు కడితే, అసలు తగ్గేది సుమారు 59,700. ఐదేళ్ళలో 15,62,000 కడితే, తగ్గేది సుమారు 3,56,000. ఆ సోదరుని కాగితంలో ఉన్నది ఇదే.

మన డెల్టా రైతులకు ఈ విషయం ఒక్క మాటతో అర్థమవుతుంది. బ్యారేజీ దగ్గర నీరు వదలినప్పుడు కాలువ ముందుగా ఎగువ పొలాలను తడుపుతుంది. శివారు ఆయకట్టుకు నీరు అందేది అందరి తరువాతనే. కిస్తు అనే కాలువకు ఎగువన ఉన్న పొలం వడ్డీ, శివారున ఉన్న పొలం అసలు. ఎగువ పొలం నిండేదాకా శివారుకు తడి తగలదు. ఇరవై ఏళ్ళ రుణంలో సగం దారి పదేళ్ళ దగ్గర ఉంటుందని మనం అనుకుంటాము. కాని అసలులో సగం, అంటే పదిహేను లక్షలు తీరేది పద్నాలుగో సంవత్సరం చివరిలో!

మొత్తం 240 కిస్తులు కలిపితే 62,48,000 రూపాయలు దాటుతుంది. తీసుకున్నది 30 లక్షలు; దానిపై కట్టే వడ్డీ 32 లక్షల 48 వేలు. చేతి నుండి పెట్టిన 10 లక్షలు కలపండి. మన రాష్ట్రంలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి 7.5 శాతం, అంటే ఇంకో 3 లక్షలు కలపండి. దస్తావేజులో నలభై లక్షలని వ్రాసుకున్న ఇల్లు డెబ్బై ఐదు లక్షలు దాటింది.

ఇక్కడ చాలామంది గడువు పెంచుకుని కిస్తు తగ్గించుకుందామని చూస్తారు. ముప్పై ఏళ్ళ గడువు పెడితే కిస్తు 23,067కి దిగుతుంది. నెలకు మూడు వేలు మిగిలిందని ఇంట్లో సంతోషం. కాని ఆ మూడు వేల కోసం మొత్తం చెల్లింపు 83 లక్షలకు చేరుతుంది, అంటే 20 లక్షల 55 వేలు అదనం. ముప్పై ఐదేళ్ళ వయసులో రుణం తీసుకున్న వ్యక్తి అరవై ఐదేళ్ళ వరకు కట్టాలి. షెడ్డులో సుత్తి పట్టే చేతులు అప్పటికి ఎలా ఉంటాయో ఎవరు చెప్పగలరు?

ఈ లెక్క మన కంటికి ఆనకపోవడానికి ఒక కారణం మన అలవాటులోనే ఉంది. మన ప్రాంతంలో వడ్డీని శాతాలలో చెప్పుకోము. నూటికి నెలకు ఇంత అంటాము. రెండు రూపాయలు, మూడు రూపాయలు. ప్రామిసరీ నోటు మీద రెండు రూపాయల వడ్డీ అంటే సంవత్సరానికి 24 శాతం. ఆ లెక్కన బ్యాంకు వడ్డీ నూటికి దాదాపు 70 పైసలే. 2015 డిసెంబరులో ఈ నగరాన్ని కుదిపివేసిన కాల్‌మనీ వ్యవహారాన్ని చూసిన కళ్ళకు 70 పైసలు దయగా కనిపించడంలో ఆశ్చర్యం లేదు. తక్కువ వడ్డీని మన పెద్దలు "ధర్మవడ్డీ" అని కూడా అన్నారు. ఆ రెండు మాటలను ఒకచోట ఎలా కూర్చారో మాకు ఎప్పటికీ వింతగానే ఉంటుంది. మూడు రూపాయల వడ్డీ ఎవరినైనా భయపెడుతుంది కాబట్టి ఏడాదిలోనో రెండేళ్ళలోనో తీర్చి బయటపడాలని చూస్తారు. డెబ్బై పైసలు భయపెట్టదు. అందుకే అది ఇరవై ఏళ్ళు ఇంట్లో ఉండిపోతుంది.

ఇంతవరకు రేటు మారదని అనుకున్నాము. అది మారుతుంది. 2019 అక్టోబరు నుండి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ రేటు గృహరుణాలు రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి బయటి కొలమానానికి ముడిపడి ఉన్నాయి. 2022 మే నుండి 2023 ఫిబ్రవరి లోపల ఆ రెపో రేటు 4 శాతం నుండి 6.50 శాతానికి ఎక్కింది. తక్కువ రేట్ల కాలంలో 6.7 శాతానికి 30 లక్షలు, 20 ఏళ్ళకు తీసుకున్న వ్యక్తిని ఊహించండి. అతని కిస్తు సుమారు 22,720. ఏడాదిన్నర కట్టిన తరువాత రేటు రెండున్నర శాతం పెరిగి 9.2 అయ్యిందనుకోండి. మిగిలిన బాకీపై ఒక నెల వడ్డీయే 22,130 దాటుతుంది. కిస్తు పెంచకుండా అలాగే ఉంచితే అసలుకు చేరేది ఆరు వందల లోపు. ఆ లెక్కన రుణం తీరడానికి ఇంకా దాదాపు నలభై ఏళ్ళు పడుతుంది. ఎందరో సోదరులకు తెలియకుండానే గడువులు ఇలా సాగిపోయాయి. అందుకే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఒక ఆదేశం ఇచ్చింది: రేటు మారినప్పుడు కిస్తు పెంచాలా, గడువు పెంచాలా అన్నది రుణగ్రహీతను అడగాలి, గడువు పెంపు వలన కిస్తు వడ్డీకి కూడా చాలని స్థితి రాకూడదు. 2025 ఫిబ్రవరి, జూన్ మధ్య రెపో రేటు 5.50కి దిగింది. మీ రుణంలో ఆ తగ్గింపు కనిపించిందో లేదో చూసుకున్నారా? కాగితం తీసి చూడండి.

కాగితంలో కనిపించని ఖర్చు మరొకటి ఉంది. చేతి నుండి పెట్టవలసిన ఆ పది లక్షలు ఎక్కడి నుండి వస్తాయి? చాలా ఇళ్ళలో భార్య ఒంటి మీది బంగారం నుండి. దానిని తాకట్టు పెడితే అదొక రెండవ వడ్డీ. మహర్‌గా వచ్చిన బంగారమైనా, పుట్టింటివారు పెట్టిన బంగారమైనా అది ఆమె సొత్తు. ఆమె మనస్ఫూర్తిగా ఇస్తే తప్ప భర్తకు దానిపై హక్కు లేదు. ఇచ్చినప్పుడు అది కానుకా, అప్పా, లేక ఇంటిలో ఆమె వాటా కొరకు పెట్టిన పెట్టుబడా అన్నది వ్రాసుకోండి. అప్పును వ్రాసుకొమ్మని, సాక్షులను పెట్టుకొమ్మని ఆదేశించిన బఖరా సూరాలోని 282వ ఆయతు ఖుర్ఆన్ అంతటిలో పొడవైనది. ఆ ఆయతు అంగడికే గాని ఇంటికి వర్తించదని ఎవరూ చెప్పలేదు. ఇరవై ఏళ్ళ తరువాత అన్నదమ్ముల మధ్య ఇల్లు పంచవలసి వచ్చినప్పుడు తల్లి బంగారం సంగతి ఎవరికీ గుర్తుండకపోవడం మేము చూశాము.

ఇప్పుడు తరచుగా వినిపించే ఒక ప్రశ్న. "అద్దె కట్టినా డబ్బు పోయేదే కదా! అద్దెకూ వడ్డీకీ తేడా ఏమిటి?" ఇది అజ్ఞానంతో అడిగే ప్రశ్న కాదు, దీనికి సరైన సమాధానం చెప్పవలసి ఉంది. వ్యాపారం కూడా వడ్డీ వంటిదే కదా అని వాదించినవారు ఆనాడు కూడా ఉన్నారు. అల్లాహ్ వ్యాపారాన్ని ధర్మసమ్మతం చేశాడని, వడ్డీని నిషేధించాడని అదే బఖరా సూరా 275వ ఆయతు వారికి బదులిచ్చింది.

తేడా ఏమిటో తెలుసుకోవడానికి మనకు దూరం వెళ్ళే పని లేదు. 2024 సెప్టెంబరు మొదటి రోజులలో బుడమేరు మన సింగ్‌నగర్, రాజరాజేశ్వరిపేట ఇళ్ళలోకి వచ్చింది. నీరు తీసిన తరువాత గోడలకు, తలుపులకు, విద్యుత్ తీగలకు జరిగిన నష్టం అద్దె ఇంటిలోనైతే యజమానిది. ఆయన అద్దె తీసుకుంటాడు, ఇల్లు పాడైతే ఆ భారమూ మోస్తాడు. ఇల్లు నివాసానికి పనికిరాకుండా పోతే అద్దె అడిగే హక్కు కూడా అతనికి ఉండదు. రుణం మీద కొన్న ఇంట్లో ఉన్నవారి సంగతి వేరు. నష్టమంతా వారిదే. ఇంట్లో నడుములోతు నీరున్న ఆ నెలలోనూ ముప్పై లక్షల మీద వడ్డీ లెక్క ఒక్క రోజు ఆగలేదు. వాయిదా దొరికినా ఆ కాలపు వడ్డీ బాకీకి కలుస్తుంది. లాభం కోరేవాడు నష్టబాధ్యతనూ మోయాలన్నది ఫిఖ్హ్‌లో స్థిరపడిన సూత్రం. అద్దెలో, అమ్మకంలో ఆ బాధ్యత ఉంది. వడ్డీలో లేదు. ఇబ్బందిలో ఉన్న రుణగ్రస్తునికి వెసులుబాటు కలిగే వరకు గడువు ఇవ్వాలని, మాఫీ చేస్తే మరింత మేలని 280వ ఆయతు బోధిస్తుంది. ఆ గడువుకు ధర కట్టడమే వడ్డీ.

ఇంకొక సంగతి. మన ఆటోనగర్ సోదరుడు ఫ్లాటు కొనక ముందు అదే వీధిలో 11,000 అద్దెకు ఉండేవారు. మొదటి నెల వడ్డీ ఒక్కటే దానికి దాదాపు రెట్టింపు. అద్దె పెరుగుతుంది, నిజమే. ఇంటి విలువ కూడా పెరుగుతుంది కదా అంటారు. పెరగవచ్చు. 2014 తరువాత రాజధాని వస్తున్నదన్న ఉత్సాహంలో మన చుట్టుపక్కల ధరలు ఎలా ఎగబాకాయో, 2019 డిసెంబరులో మూడు రాజధానుల మాట రాగానే ఎలా చతికిలబడ్డాయో మీరంతా చూశారు. ధర పడినా లేచినా కిస్తు తేదీ మారలేదు. పైగా ఫ్లాటులో మనకు దక్కే నేల కొద్ది గజాల అవిభాజ్య వాటా. విలువ పెరిగేది నేలకు, పాతబడేది కట్టడానికి.

సోదరులారా! అప్పు మరణంతో ముగియదు. మృతుని ఆస్తిలో నుండి ముందు అతని అప్పు తీర్చాలి, ఆ తరువాతనే వారసుల వాటాలు. దైవప్రవక్త (స) వారి ముందుకు ఒక జనాజా తీసుకురాబడింది. మృతునికి మూడు దీనార్ల అప్పు ఉందని, అది తీర్చే ఆస్తి ఏమీ లేదని తెలిసి, మీ సహచరునికి మీరే నమాజు చేయండని ఆయన అన్నారు. ఆ అప్పు నాది అని హజ్రత్ అబూ ఖతాదా (రజి) ముందుకు వచ్చిన తరువాతనే ఆయన నమాజు చేయించారు. మూడు దీనార్ల సంగతి అది. తరువాతి కాలంలో అల్లాహ్ విజయాలు ప్రసాదించినప్పుడు, అప్పుతో మరణించిన విశ్వాసుల అప్పును దైవప్రవక్త (స) వారే తన బాధ్యతగా తీసుకున్నారు. అప్పును అంత బరువుగా చూసిన సమాజమే ఆ బరువును పంచుకున్నది కూడా.

ఇంకా రుణం తీసుకోని వారికి మేము చెప్పేది ఇది. మన దేశంలో ఇస్లామీయ బ్యాంకు లేదు. 2008లో రఘురామ్ రాజన్ సంఘం వడ్డీ లేని బ్యాంకింగ్‌ను సిఫారసు చేసినా, 2017లో రిజర్వు బ్యాంకు ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకుపోరాదని నిర్ణయించింది. అంతమాత్రాన దారులన్నీ మూసుకుపోలేదు. ఇల్లు అమ్మే వ్యక్తి దగ్గరే వాయిదాలపై కొనవచ్చు. వాయిదా ధర నగదు ధరకంటే ఎక్కువైనా అత్యధిక ఫిఖ్హ్ పండితుల దృష్టిలో అది వ్యాపారమే. షరతు ఏమిటంటే ధర ఒప్పందం నాడే ఒక్కటిగా ఖరారు కావాలి, ఆలస్యమైతే పెరగకూడదు. మన తండ్రుల తరం ముందు స్థలం కొని, ఒక గది వేసి, కప్పు రేకులదైనా అందులో చేరి, పిల్లలు పెరిగేకొద్దీ రెండవ గది వేసుకున్నారు. వించిపేటలో, తారాపేటలో అటువంటి ఇళ్ళు ఇంకా ఉన్నాయి. గృహప్రవేశం ఫోటోలో అవి బాగుండకపోవచ్చు. బంధువులలో స్తోమత ఉన్నవారు కర్జె హసనా ఇవ్వడం తగ్గిపోయింది. ఇచ్చినది తిరిగి రాదన్న భయం దానికి కారణం, ఆ భయానికి కారణం తీసుకున్నవారి తీరు. దాచబోము.

అయితే హలాల్ అన్న పేరు కనిపించగానే డబ్బు పోయవద్దు. బెంగళూరులో 2019లో కుప్పకూలిన ఐఎంఏ సంస్థ హలాల్ లాభాల మాటతోనే వేలాది ముస్లిం కుటుంబాల సొమ్ము సేకరించింది. అందులో ఇంటి కోసం దాచుకున్న డబ్బు ఎంత పోయి ఉంటుందో ఆలోచించండి.

తప్పనిసరి అవసరం పేరుతో సడలింపు ఉందా అని కొందరు అడుగుతారు. యూరప్‌లోని ముస్లింల విషయంలో 1999లో యూరోపియన్ ఫత్వా మండలి నివాసానికి ఒక ఇంటి మేరకు షరతులతో సడలింపు ఇచ్చింది. ఎందరో ఉలమాలు దానితో విభేదించారు. మా దృష్టిలో, అద్దె ఇల్లు దొరుకుతున్న ఊరిలో సొంత ఫ్లాటు కోరికను గత్యంతరం లేని స్థితి అనడం కష్టం. ముస్లింలకు ఇల్లు అద్దెకు ఇవ్వని వీధులు మన నగరంలో ఉన్నాయన్న బాధ మాకు తెలియనిది కాదు. ఎవరి పరిస్థితి వారిది. కాగితాలతో సహా నమ్మకమైన ముఫ్తీ దగ్గరకు వెళ్ళి అడగండి. సంతకం పెట్టిన తరువాత కాదు, ముందు.

ఇప్పటికే రుణంలో ఉన్నవారు నిరాశ చెందవద్దు. తౌబా ద్వారం తెరిచే ఉంది. వడ్డీ హరామ్ కాబట్టి కిస్తు మానేస్తానని మాత్రం అనకండి. 90 రోజులు కట్టకపోతే ఖాతా మొండిబాకీ అవుతుంది. 2002 నాటి చట్టం ప్రకారం 60 రోజుల నోటీసు వస్తుంది. ఆ తరువాత ఇల్లే వేలానికి వెళ్ళవచ్చు. వడ్డీ నుండి బయటపడే దారి అసలును త్వరగా తీర్చడం. ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వేయరాదని 2012 నుండి నిబంధన ఉంది. మన లెక్కలోని రుణంలో మొదటి సంవత్సరం ముగిసినప్పుడు 2 లక్షలు అదనంగా అసలుకు కడితే సుమారు 34 కిస్తులు తగ్గిపోతాయి. అవి దాదాపు 8 లక్షల 85 వేల రూపాయలు. మొదటి నుండి నెలకు 5,000 అదనంగా కట్టగలిగితే ఇరవై ఏళ్ళ రుణం పదమూడు సంవత్సరాల ఎనిమిది నెలలలో ముగుస్తుంది. 11 లక్షల 70 వేల వడ్డీ తప్పుతుంది. శివారు పొలానికి నేరుగా నీరు తోడి పోసినట్లన్నమాట. అదనపు సొమ్ము కట్టేటప్పుడు అది అసలుకే జమ చేయమని, కిస్తు కాక గడువు తగ్గించమని వ్రాసి ఇవ్వండి. కూతురి పెళ్ళిలో రెండు వందల మందికి తక్కువ భోజనం పెట్టి ఆ డబ్బు అసలుకు కడితే పెళ్ళి బరకత్ తగ్గదు.

రుణం పూర్తిగా తీరిన 30 రోజులలో మీ దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. వారివలన ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం చెల్లించాలని 2023 డిసెంబరు 1 నుండి నిబంధన అమలులో ఉంది. కొత్తగా తీసుకునేవారికి 2024 అక్టోబరు నుండి అన్ని ఖర్చులూ కలిపిన వార్షిక రేటుతో ఒక వివరపత్రం ముందే ఇవ్వాలి. అడిగి తీసుకోండి. మీకు అర్థమయ్యే భాషలో ఇవ్వమని అడగండి.

ఆ ఆటోనగర్ సోదరుడు మరుసటి వారం మళ్ళీ వచ్చారు. షెడ్డు వెనుక వాడకుండా ఉన్న పాత వెల్డింగ్ యంత్రాలు అమ్మి, అన్నగారి దగ్గర కొంత కర్జె హసనా తీసుకుని రెండు లక్షలు అసలుకు కట్టానని రసీదు చూపించారు. ఐదేళ్ళు గడిచిపోయినందున ఆయనకు మొదటి ఏడాది కట్టినంత లాభం రాదు. అయినా రెండేళ్ళకు దగ్గరగా గడువు తగ్గింది. అన్నగారి అప్పు గురించి వ్రాసుకున్నారా అని అడిగాము. వ్రాసుకున్నారట, ఇద్దరు సాక్షులతో.

ఇన్షా అల్లాహ్, ప్రతి ఆదివారం అస్ర్ తరువాత మసీదు వరండాలో మేము కూర్చుంటాము. బ్యాంకులో పనిచేసి విరమించిన ఒక సోదరుడు మాతో ఉంటారు. గృహరుణం ఉన్నవారు తమ ఖాతా వివరాల కాగితం, తీసుకోవాలనుకుంటున్నవారు తమ ఆదాయం లెక్క తెచ్చుకోండి. స్త్రీలకు ప్రక్క గదిలో ఏర్పాటు ఉంది. ఇంటి బంగారం ఈ రుణంలో కలిసి ఉంటే ఆమెను కూడా తప్పక వెంట తీసుకురండి.